బరంపురంలోనే ఉంచాలా, విశాఖ పంపాలా: కాలేజీ పుట్టుక అడిగి తేల్చుకోండి

ప్లస్ టూ రిజల్ట్స్ వచ్చిన వారం నుంచి మా ఇంట్లో ఫోన్ మోగుతూనే ఉంటుంది. ఒడిశాలో బరంపురం, పర్లాకిమిడి, గుణుపురం, ఎక్కడున్న మన తెలుగువాళ్లదైనా ఒకటే ప్రశ్న. "అమ్మాయిని ఇక్కడే ప్లస్ త్రీ డిగ్రీలో వేసేద్దామా, విశాఖ పంపిద్దామా?" విశాఖ అన్నాక రెండో మాట కూడా వస్తుంది, "అక్కడ సిస్టర్ల కాలేజీ ఉందట కదా, మంచిదేనా?" సిస్టర్లంటే క్యాథలిక్ సన్యాసినులు. నేను ఏ కాలేజీలోనూ పనిచేయను, కన్సల్టెన్సీ అసలే కాదు. ఒకసారి తప్పు కాలేజీలో చేరి దెబ్బ తిన్నాను, ఆ తర్వాత చుట్టాల పిల్లల్ని వెంటేసుకుని అరడజను కాలేజీలు తిరిగాను. నాకున్న అర్హత అంతే.

ముందు నా సంగతి చెప్పేస్తాను. కోస్తాలో ఒక పెద్ద ఊళ్లో, పేరు అనవసరం, రంగురంగుల కరపత్రం చూసి మైక్రోబయాలజీ గ్రూపులో చేరాను. కరపత్రంలో ఏసీ ల్యాబ్ ఫొటో, బస్సు ఫొటో, చైర్మన్ గారికి ఎవరో దండ వేస్తున్న ఫొటో. నాన్నగారు ఫీజు ఎంత, హాస్టల్లో భోజనం ఎలా ఉంటుంది అని అడిగారే గానీ, కాలేజీ పెట్టి ఎన్నేళ్లయింది, ఈ గ్రూపులో ఇప్పటిదాకా ఎన్ని బ్యాచ్‌లు బయటికెళ్లాయి అని అడగలేదు. అడిగుంటే "మీదే ఫస్ట్ బ్యాచ్" అని తెలిసేది. రెండో ఏడాదికి పదకొండు మందిమి మిగిలాం. గ్రూపు ఎత్తేసి, "కెమిస్ట్రీలోకి మారిపోండమ్మా" అన్నారు, బస్సులో కిటికీ పక్క సీటు ఖాళీ చేయమన్నట్టు. ఒరిజినల్ సర్టిఫికెట్లు వెనక్కి తెచ్చుకోవడానికి నాన్నగారు నాలుగుసార్లు రైలెక్కారు.

అప్పటినుంచి ఏ కాలేజీకి వెళ్లినా నేను ముందడిగేది దాని చరిత్రే. చరిత్ర అంటే వయసు అనుకోకండి, నూరేళ్ల కాలేజీలో కూడా పాఠం చెప్పేవాళ్లు లేకపోవచ్చు. దీన్ని ఎవరు పెట్టారు, ఎవరి పిల్లల కోసం పెట్టారు, పెట్టినవాళ్లు పోయాక ఎవరి చేతికొచ్చింది, మొదట ఎవరికోసం పెట్టారో వాళ్లకి ఇప్పటికీ సీటు దొరుకుతోందా, ఇవీ నేనడిగేవి. ఈ నాలుగూ తెలిస్తే కరపత్రం చదవక్కర్లేదు.

మన ఊళ్లతోనే మొదలుపెడదాం. బరంపురం ఖల్లికోట కాలేజీని మన పిల్లలు "గవర్నమెంట్ కాలేజీయే కదా" అని చప్పరించేస్తారు. 1856లో స్కూలుగా పుట్టి 1878లో కాలేజీ అయింది. అప్పటికి బరంపురం ఉన్న గంజాం జిల్లా మద్రాసు ప్రెసిడెన్సీలో ఉంది, కాలేజీ మద్రాస్ యూనివర్సిటీ కిందుండేది, తర్వాత ఖల్లికోట రాజావారి విరాళంతో ఆ పేరొచ్చింది. మన మాజీ రాష్ట్రపతి వి.వి.గిరి గారు బరంపురంలో పుట్టి అక్కడే చదువుకున్నారు. ఈమధ్యే యూనివర్సిటీ హోదా కూడా వచ్చింది. పర్లాకిమిడి సంగతి ఇంకా గొప్పది. 1880లో రాజావారి స్కూల్లో టీచరుగా చేరిన గిడుగు రామమూర్తి పంతులు గారు, 1890ల్లో అది కాలేజీ అయ్యాక అందులోనూ పాఠం చెప్పారు. మన్యంలో సవరల భాష నేర్చుకున్నది, వాడుక తెలుగు కోసం పోరాడింది ఆ ఊళ్లో ఉండే. 1936లో పర్లాకిమిడి ఒడిశాలో కలిసినప్పుడు ఊరు వదిలి రాజమండ్రి వెళ్లిపోయారు. నేనిక్కడ ఇలా మాట్లాడే తెలుగులో రాసేస్తున్నానంటే ఆయన చలవే.

అంటే మన రెండు కాలేజీలూ రాజుల డబ్బుతో లేచి, ప్రభుత్వం చేతికొచ్చి, ఇప్పుడు జిల్లా మొత్తానికి దిక్కయినవి. ఫీజు తక్కువ, లైబ్రరీ పాతది గనక పెద్దది, అన్ని రకాల పిల్లలూ వస్తారు. కానీ క్లాసులు పెద్దవి. వెనక బెంచీలో కూర్చునే పిల్ల మూడేళ్లూ వెనక బెంచీలోనే ఉండిపోవచ్చు, ఎవరూ పేరుపెట్టి పిలవరు. సొంతంగా చదువుకోగలిగే పిల్లకి ఇది లోపమే కాదు. అందరికీ అలా కాదు.

ఇక సిస్టర్ల కాలేజీ. ముందొక గందరగోళం తీర్చాలి. మనవాళ్లు చర్చి కనిపించిన ప్రతిదాన్నీ "మిషన్ కాలేజీ" అనేస్తారు. అందులో రెండు రకాలున్నాయి. మచిలీపట్నం నోబుల్ కాలేజీ (1843), గుంటూరు ఏసీ కాలేజీ (1885) లాంటి పాతవి ప్రొటెస్టెంట్ మిషనరీలు పెట్టినవి. మన తెలుగు జిల్లాల్లో క్యాథలిక్ డిగ్రీ కాలేజీలు చాలా తర్వాత, స్వతంత్రం వచ్చాక వచ్చాయి. విజయవాడ ఆంధ్ర లయోలా 1953, ఏలూరు సెయింట్ థెరిసా 1953, విశాఖ సెయింట్ జోసెఫ్స్ 1958, హైదరాబాద్ బేగంపేట సెయింట్ ఫ్రాన్సిస్ 1959, విజయవాడ మారిస్ స్టెల్లా 1962. ఆ ఏళ్లు చూడండి. 1953 అక్టోబర్‌లోనే కదా ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. కొత్త రాష్ట్రం, కాలేజీల కరువు, ముఖ్యంగా ఆడపిల్లలకి. పై అయిదింటిలో ఒక్క లయోలా తప్ప మిగతావన్నీ ఆడపిల్లల కోసం సిస్టర్లు పెట్టినవే. ఊరికే జరిగింది కాదనిపిస్తుంది నాకు.

మనకి దగ్గరది విశాఖ సెయింట్ జోసెఫ్స్ కాబట్టి దాని వేరు కొంచెం తవ్వుదాం. దాని వెనకున్నది అన్నెసీ సెయింట్ జోసెఫ్ సిస్టర్ల సభ, అంటే ఆ సన్యాసినుల సంఘం. అన్నెసీ ఆల్ప్స్ కొండల్లో సవోయ్ అనే సీమలో ఒక ఊరు, ఇప్పుడు ఫ్రాన్స్‌లో ఉంది, అప్పటికి సార్డీనియా రాజ్యంలోది. ఆ ఊరి ఫాదర్లే, ఫ్రాన్సిస్ డి సేల్స్ సభవాళ్లు, 1846లో విశాఖ వచ్చారు. మూడేళ్లకి, 1849లో, సిస్టర్లొచ్చారు. అప్పుడు విశాఖ క్యాథలిక్ చర్చి పరిధి ఎంత పెద్దదంటే నాగపూర్ కూడా అందులోదే, 1887లో గానీ నాగపూర్ వేరే మేత్రాసనం (బిషప్ పాలించే ప్రాంతం) కాలేదు. సిస్టర్లు వచ్చింది 1849లో, డిగ్రీ కాలేజీ పెట్టింది 1958లో. మధ్యలో నూటతొమ్మిదేళ్లు. అంతకాలం ఆ ప్రాంతంలో పాతుకుపోయి, ఆ తర్వాత జ్ఞానాపురంలో, అంటే రైల్వే స్టేషన్‌కి అవతలి వైపున, కాలేజీ మొదలుపెట్టారు. నేను చేరిన కాలేజీ చైర్మన్ గారు స్థలం కొన్న ఏడాదికే అడ్మిషన్లు మొదలుపెట్టారు. తేడా అక్కడుంది.

సరే, ఈ చరిత్ర మన పిల్లకి ఏం చేస్తుంది? మొదటిది, ఈ కాలేజీలు ఎవరి కొడుక్కీ వారసత్వంగా పోవు. ప్రిన్సిపాల్ సిస్టర్‌కో ఫాదర్‌కో సభ నుంచి ట్రాన్స్‌ఫర్ వస్తుంది, పెట్టె సర్దుకుని వెళ్లిపోతారు, ఇంకొకరొస్తారు. కాలేజీ అమ్మేసి రియల్ ఎస్టేట్‌లో పెట్టడం, అన్నదమ్ములు పంచుకోవడం లాంటివి ఉండవు. దీనికి రెండో వైపు కూడా ఉంది. మంచి ప్రిన్సిపాల్ వచ్చి కాలేజీని గాడిలో పెట్టేలోపు ట్రాన్స్‌ఫర్ కావచ్చు, "ఆ సిస్టర్ ఉన్నప్పుడు బాగుండేది" అన్న మాట మీకు పాత స్టూడెంట్ల దగ్గర వినిపిస్తుంది. రెండోది, చిన్న కాలేజీలో పిల్ల కనిపిస్తుంది. రెండు రోజులు రాకపోతే మూడో రోజు ఇంటికి ఫోనొస్తుంది. కొందరు పిల్లలు దీన్ని జైలంటారు, వాళ్ల అమ్మలు పుణ్యమంటారు.

లోపాలు కూడా దాచను. గ్రూపులు తక్కువ ఉంటాయి, డేటా సైన్స్ అనగానే పదిమంది లెక్చరర్లు సిద్ధంగా ఉండరు. అందరూ అనుకునేటట్టు ఇప్పుడు క్లాసులో పాఠం చెప్పేది సిస్టర్లు కాదు, ఎక్కువమంది మామూలు లెక్చరర్లే. సిస్టర్లుగా చేరేవాళ్లే తగ్గిపోయారు కదా. కాబట్టి "సిస్టర్లు చెబుతారట" అని కాకుండా "పర్మినెంట్ లెక్చరర్లు ఎందరు" అని అడగండి. ఆంధ్రలో ఎయిడెడ్ కాలేజీల కథ ఇంకోటి. ప్రభుత్వం జీతమిచ్చే పోస్టులుండబట్టి ఫీజులు తక్కువుండేవి. 2021లో ప్రభుత్వం ఆ పోస్టుల్ని వెనక్కి తీసుకునే పని మొదలుపెట్టాక పిల్లలు, తల్లిదండ్రులు రోడ్డెక్కారు కూడా. అందుకని మీ పిల్ల చేరే గ్రూపు ఎయిడెడా, సెల్ఫ్ ఫైనాన్సా (జీతాలన్నీ ఫీజులతోనే నడిచేదా) అని విడిగా అడగండి. ఒకే కాలేజీలో పక్కపక్క గదుల్లో రెండు రకాల ఫీజులుండొచ్చు.

"మతం మార్చేస్తారేమో" అనే భయం. గుసగుసగా అడుగుతారు గానీ అందరూ అడుగుతారు. అసెంబ్లీలో ప్రార్థన ఉంటుంది, గోడ మీద సిలువ ఉంటుంది, క్రిస్మస్ ఘనంగా చేస్తారు. మామూలుగా క్యాథలిక్ పిల్లలకి సత్యోపదేశం (మత పాఠం) క్లాసు ఉన్న గంటలో మిగతావాళ్లకి నైతిక విలువల క్లాసు ఉంటుంది. నేను చూసినంతలో మన ఇళ్ల పిల్లలు బొట్టుతోనే వెళ్లి బొట్టుతోనే వచ్చారు. ఇవి రాజ్యాంగం 30వ అధికరణం కింద మైనారిటీ సంస్థలు, అంటే క్యాథలిక్ పిల్లలకి కొన్ని సీట్లలో ముందు చోటు ఉండొచ్చు. పర్లాకిమిడి ఉన్న గజపతి జిల్లాలో 2011 జనాభా లెక్కల ప్రకారమే మూడో వంతుకు పైగా క్రైస్తవులు. వాళ్లలో క్యాథలిక్ కుటుంబాలు తమ విచారణ (చర్చి పరిధి) చూసే ఫాదర్ దగ్గర బాప్తిస్మ పత్రం తీసి పెట్టుకుంటే మంచిది.

మూడో దారి కొత్త ప్రైవేట్ యూనివర్సిటీలు. ఇంజనీరింగ్ అయితే వేరే లెక్క, దాని జోలికి నేను పోను. మామూలు డిగ్రీకి లక్షలు పోసే ముందు, మీరడిగే గ్రూపులో మూడు బ్యాచ్‌లైనా బయటికెళ్లాయా చూడండి. లేకపోతే నా కథ మళ్లీ చదువుకోండి.

ఇప్పుడు మన సరిహద్దు వాళ్లకి మాత్రమే పట్టే చిక్కులు. ఇవి విశాఖలో ఉన్న మేనమామలకి తెలియవు, వాళ్ల మాట నమ్మి మోసపోకండి. విశాఖలో మూడేళ్లు డిగ్రీ చదివితే ఆంధ్రలో ఉద్యోగాలకి లోకల్ అయిపోతామని మన దగ్గర ఒక నమ్మకం. కాదు. ఉద్యోగాలకి లోకల్ లెక్క ముఖ్యంగా పదో తరగతి వరకు ఎక్కడ చదివారన్న దాని మీద నడుస్తుంది. సీట్ల దగ్గర కూడా 85 శాతం లోకల్ వాళ్లకి, మిగతా 15 శాతంలోనే బయటివాళ్ల మాట. మీ అమ్మాయికి ఏ కోటాలో సీటిస్తున్నారో కాగితం మీద రాయించుకోండి. ఆంధ్ర ప్రభుత్వం ఇచ్చే ఫీజు రీయింబర్స్‌మెంట్ మనకి రాదు. ఒడిశాలో ఇచ్చిన కుల సర్టిఫికెట్‌తో ఆంధ్ర రిజర్వేషన్ కూడా దొరకదు. అయితే ఎస్సీ, ఎస్టీ పిల్లలు ఒక సంగతి వదులుకోకూడదు. పోస్ట్ మెట్రిక్ స్కాలర్‌షిప్ ఇచ్చేది సొంత రాష్ట్రం, పక్క రాష్ట్రంలో చదివినా ఒడిశా పోర్టల్లో దరఖాస్తు పెట్టుకోవచ్చు. కాలేజీ నుంచి కావలసిన వివరాలు సరిగ్గా ఇప్పించుకోవడమే తలనొప్పి.

ఒడిశా ప్రభుత్వ ఉద్యోగం ఆశ ఉంటే ఒడియా అడ్డొస్తుంది. మామూలుగా మిడిల్ స్కూల్ స్థాయిలోనైనా ఒడియా పాసై ఉండాలంటారు. తెలుగు మీడియంలో చదివి, ప్లస్ టూలోనూ ఎం.ఐ.ఎల్. (భారతీయ భాష సబ్జెక్టు) కింద తెలుగు తీసుకుని, విశాఖలో డిగ్రీ చేసిన పిల్ల మూడేళ్ల తర్వాత రెండు రాష్ట్రాలకీ కాకుండా పోయి మధ్యలో నిలబడుతుంది. మా వీధిలోనే ఇద్దరున్నారు. బ్యాంకు, రైల్వే, స్టాఫ్ సెలక్షన్, పీజీ, ప్రైవేటు ఉద్యోగం అనుకునేవాళ్లకి ఈ గొడవ లేదు, డిగ్రీ ఎక్కడిదైనా చెల్లుతుంది.

కాలేజీ చూడ్డానికి ఆదివారం వెళ్లకండి, మామూలు పనిరోజు పదకొండింటికి వెళ్లండి. నేను చూసేవి మూడు. ఒకటి, వరండాలో ప్రిన్సిపాళ్ల ఫొటోలో, పేర్ల బోర్డో ఉంటుంది, ఒక్కొక్కరు ఎన్నేళ్లున్నారో చూడండి. పదేళ్లలో ఏడుగురు మారితే ఏదో ఉంది. రెండు, లైబ్రరీ. పోయినసారి పిన్నిని, వాళ్ల రెండో అమ్మాయిని తీసుకుని ఒక చిన్న కాలేజీకి వెళ్లినప్పుడు, ఆఫీసులో కూర్చోబెట్టి కాఫీ ఇస్తామన్నారు, నేను లైబ్రరీ చూస్తానన్నాను. కామర్స్ బీరువాలోంచి అట్ట నలిగిన కాస్టింగ్ పుస్తకం ఒకటి తీసి వెనక్కి తిప్పాను. లోపల తారీఖుల చీటీ అతికించి ఉంది, మొదటి చీటీ నిండిపోయి దాని మీద ఇంకోటి, దాని మీద ఇంకోటి. చివరి ముద్ర అంతకుముందు మంగళవారానిది. పక్క బీరువాలో పుస్తకాలు కొత్తగా మెరుస్తున్నాయి, ఒక్క ముద్ర లేదు. అది కంప్యూటర్స్ బీరువా. పిన్ని కూతురికి బీకాం కావాలి, మాకు అక్కడే సగం జవాబు దొరికింది. మూడోది, ఆడపిల్లల బాత్రూముల్లో నీళ్లొస్తున్నాయా. సిగ్గుపడకుండా లోపలికెళ్లి కుళాయి తిప్పి చూడండి.

ఇంటి దగ్గర కూర్చుని చూడాల్సినదేమంటే న్యాక్ గ్రేడు, అంటే కాలేజీల నాణ్యత చూసే జాతీయ సంస్థ ఇచ్చినది. ఇప్పటిదాకా ఇస్తూ వచ్చిన లెక్కలో నాలుగుకి 3.51 నుంచి ఏ ప్లస్ ప్లస్, 3.26 నుంచి ఏ ప్లస్, 3.01 నుంచి ఏ. గ్రేడుకి గడువుంటుంది, మామూలుగా అయిదేళ్లు, కాబట్టి గేటు మీద రంగువేసిన అక్షరం ఏ ఏటిదో చూడండి. అంతకన్నా పనికొచ్చేది న్యాక్ కోసం కాలేజీ తన గురించి తనే రాసుకున్న సెల్ఫ్ స్టడీ రిపోర్టు, వెబ్‌సైట్లో ఉంటుంది. అందులో పుట్టుక నుంచి లెక్చరర్ల సంఖ్య, పాసైనవాళ్ల లెక్క దాకా అన్నీ ఉంటాయి. చదవడానికి విసుగే, ఒక సాయంత్రం పడుతుంది. "అటానమస్" అన్న మాట చూసి బెదిరిపోకండి. పరీక్ష పేపరు కాలేజీ పెట్టుకుంటుంది, డిగ్రీ యూనివర్సిటీయే ఇస్తుంది.

డబ్బు కట్టాక మనసు మారితే యూజీసీ 2018 నిబంధన ఉంది. అడ్మిషన్ల చివరి తేదీకి పదిహేను రోజుల ముందే మానేస్తే ఫీజు మొత్తం వెనక్కివ్వాలి, అయిదు వేలు మించని ప్రాసెసింగ్ ఖర్చు మాత్రం పట్టుకోవచ్చు. ఆ తర్వాత రోజులు గడిచేకొద్దీ 90, 80, 50 శాతం. చివరి తేదీ దాటి నెలయ్యాక ఏమీ రాదు. ఒరిజినల్ సర్టిఫికెట్లు చూసి తిరిగిచ్చేయాలి, దగ్గర పెట్టుకోకూడదు. నాన్నగారి రోజుల్లో ఈ నిబంధన ఉండుంటే నాలుగు రైలు టికెట్లు మిగిలేవి.

ఇంతకీ నా మాట ఏంటంటే, ఒడిశా ప్రభుత్వ ఉద్యోగం వైపు చూస్తున్న పిల్ల, ఒడియా వచ్చిన పిల్ల, తనంతట తను పుస్తకం పట్టుకునే పిల్ల బరంపురంలోనో పర్లాకిమిడిలోనో ఉండి మిగిలిన డబ్బు కోచింగ్‌కి పెట్టుకోవడమే మంచిది. క్లాసులో నోరు విప్పనిది, ఇంగ్లీషు అంటే బెదిరేది, ఎవరో ఒకరు వెంటపడితే గానీ చదవనిది, డిగ్రీ తర్వాత పీజీయో బ్యాంకో అనుకునేది చిన్న సిస్టర్ల కాలేజీలో తెరుచుకుంటుంది. బరంపురం నుంచి విశాఖ 277 కిలోమీటర్లు, నాలుగైదు గంటల రైలు, పండక్కి ఇంటికి రావచ్చు. గుణుపురం, పర్లాకిమిడి వాళ్లకి విశాఖ ప్యాసింజర్ ఉంది, ఓపిక కావాలంతే. అబ్బాయికి విజయవాడ లయోలా అనుకుంటే రాత్రంతా ప్రయాణం, టికెట్లు ముందే చేయించుకోవాలి. హాస్టల్ నచ్చక రెండో నెలలో ఏడ్చే పిల్లలుంటారు, మూడో నెల దాకా ఆగి చూడండి.

పిన్ని పెద్దమ్మాయి విశాఖ వెళ్లింది. రెండో అమ్మాయికి లైబ్రరీ నచ్చింది, బీకాం నచ్చింది, కానీ ఓఏఎస్ (ఒడిశా అడ్మినిస్ట్రేటివ్ సర్వీస్) పరీక్ష రాస్తానని పట్టుబట్టి బరంపురంలోనే ఉండిపోయింది. పిన్నికి ఇంకా బాధే, "అంత దూరం వెళ్లి చూసొచ్చాం కదే" అంటుంది. చూసొచ్చాం కాబట్టే తేలింది కదా పిన్నీ అంటాను నేను.

విశాఖ అనుకున్నవాళ్లు మాత్రం ఇవాళే ప్లస్ టూ కౌన్సిల్ మైగ్రేషన్ సర్టిఫికెట్ చేతిలో ఉందో లేదో చూసుకోండి. కాలేజీ ఇచ్చే ట్రాన్స్‌ఫర్ సర్టిఫికెట్ వేరు, ఇది వేరు. పదో తరగతి సర్టిఫికెట్లో పేరు, ఆధార్లో పేరు ఒకే స్పెల్లింగ్‌లో ఉన్నాయా చూడండి. మన ఇంటిపేర్లు ఒడిశా రికార్డుల్లో చివరికెళ్లిపోతాయి, ఆంధ్ర ఫారాల్లో ముందుకొస్తాయి. ఆన్‌లైన్ అప్లికేషన్ అక్కడే ఆగిపోతుంది.